ఊరికే వచ్చిన బొమ్మ

(దర్శి ప్రాంతపు మహిళా సంఘాల సభ కోసం తయారుచేసిన ప్రసంగం)



సినిమా అంటే ఇష్టం లేనివాళ్ళు ఈ సభలో ఎవరైనా ఉన్నారా? ఉంటే చెయ్యి ఎత్తండి. ఒక్క చెయ్యీ లేవలేదు. మంచిది. ఇష్టం ఉన్నవాళ్ళతోనే ఈ మాట చెప్పాలి.

తెలుగులో మాట్లాడే సినిమా మొదట 1932లో వచ్చింది. దాని పేరు భక్త ప్రహ్లాద. హెచ్.ఎం. రెడ్డి గారు తీశారు. సురభి నాటకాల నుంచి వచ్చిన కమలాబాయి గారు అందులో లీలావతి వేషం వేశారు. అప్పటికి ఇప్పటికి తొంభై ఏళ్ళు దాటిపోయాయి. ఊరి బయట డేరా వేసి టూరింగ్ టాకీసు ఆడించిన రోజులు మీలో పెద్దవాళ్ళకు గుర్తుంటాయి. నేల టిక్కెట్టు, బెంచీ టిక్కెట్టు, కుర్చీ టిక్కెట్టు. ఆడవాళ్ళు కూర్చోవడానికి వేరే చోటు. మిరప కోతల డబ్బు చేతికి వచ్చిన రోజున బండి కట్టుకుని, పిల్లాజెల్లాతో పోయి చూసి వచ్చేవాళ్ళు.

ఇప్పుడు బండి కట్టే పని లేదు. సెల్‌ఫోను చేతిలోనే ఉంది. శుక్రవారం థియేటర్లో పడిన బొమ్మ శనివారానికి ఫోన్లోకి వస్తోంది. "ఎంత పెట్టి చూశావే?" అని అడిగితే, "ఎంతేంది, ఊరికే వచ్చింది" అంటారు.

ఊరికే! ఈ ఒక్క మాట గురించే ఈ ప్రసంగం. వందల మంది కష్టపడి చేసిన సరుకు ఊరికే ఎట్లా వస్తుంది? అది ఊరికే వచ్చిందంటే ఎవరి కూలి పోయినట్లు?

దొంగ కాపీ అంటే ఏంది?

సినిమా తీసినవారి అనుమతి లేకుండా దాన్ని కాపీ చేయడం, అమ్మడం, పంచడం దొంగతనం. పత్రికల్లో దీన్ని పైరసీ అంటారు. పూర్వం సముద్రం మీద ఓడలను దోచుకునేవాళ్ళ పనికి ఆ పేరు. ఇప్పుడు సినిమాలను దోచుకునే పనికీ అదే పేరు వచ్చింది.

ఈ దొంగతనం కొత్తది కాదు. వీడియో క్యాసెట్లు వచ్చిన రోజుల్లోనూ ఉంది. తర్వాత సీడీలు వచ్చాయి. బస్టాండు పక్కన, సంతలో, పట్టా పరిచి కొత్త సినిమా సీడీలు అమ్మేవాళ్ళు. కొన్నిచోట్ల కేబుల్ టీవీ వాళ్ళే రాత్రిపూట కొత్త బొమ్మ వేసేవాళ్ళు. అప్పుడు ఒక సీడీ ఒక వీధికి చేరేది. ఇప్పుడు ఇంటర్నెట్టు వచ్చింది. ఒక్కడు ఒక్కచోట కాపీ పెడితే చాలు. గంటలో దర్శిలో చూస్తారు, దుబాయిలో చూస్తారు, అమెరికాలో చూస్తారు.

కాపీ ఎట్లా చేస్తారు? కొందరు థియేటర్లో కూర్చుని, చొక్కా జేబులో ఫోను పెట్టి బొమ్మను పట్టేస్తారు. ఈ కాపీ మసకగా ఉంటుంది. మధ్యలో జనం తలలు కనపడతాయి, ఈలలు వినపడతాయి. కొందరు సినిమా తయారయ్యే చోటనే, విడుదల కాకముందే దొంగిలిస్తారు. కొందరు సినిమా హాళ్ళకు బొమ్మను పంపే కంప్యూటర్లలోకి దొంగదారిన చొరబడతారు. ఇప్పుడు సినిమా రీళ్ళ పెట్టెల్లో రావడం లేదు కదా! హార్డు డిస్కులో వస్తుంది, లేకపోతే ఉపగ్రహం నుంచి నేరుగా హాలుకు వస్తుంది. దారి మారింది. దొంగ కూడా దారి మార్చాడు.

బొమ్మ వెనక ఎన్ని చేతులు?

తెర మీద కనపడేది హీరో, హీరోయిను, నలుగురు పెద్ద నటులు. అందుకే సినిమా అంటే వాళ్ళదే అనుకుంటాం. పత్తి చేనులో పత్తి తెల్లగా కనపడుతుంది. విత్తనం వేసిన చేతులు, కలుపు తీసిన చేతులు, పత్తి తీసిన చేతులు కనపడతాయా? సినిమా కూడా అంతే.

సినిమా పనిలో 24 విభాగాలు ఉన్నాయంటారు. లైట్లు మోసేవాళ్ళు, సెట్లు కొట్టే వడ్రంగులు, రంగులు వేసేవాళ్ళు, బట్టలు కుట్టేవాళ్ళు, ముఖానికి రంగు వేసేవాళ్ళు, వంటవాళ్ళు, టీలు అందించే కుర్రాళ్ళు, డ్రైవర్లు, డాన్సులు చేసేవాళ్ళు, ఫైటింగులు చేసేవాళ్ళు, గొంతు అరువిచ్చే డబ్బింగు వాళ్ళు. ఆడవాళ్ళు కూడా చాలామంది ఉన్నారు. హీరోయిన్లకు జుట్టు దువ్వి ముడివేసేది ఆడవాళ్ళే. పెళ్ళి సీను తీస్తే పందిట్లో కూర్చునే చుట్టాలు ఎవరు? జూనియర్ ఆర్టిస్టులు. పొద్దున్నే పిలిస్తే పోయి, రాత్రి దాకా పట్టుచీర కట్టుకుని ఎండలో లైట్ల కింద కూర్చుంటారు. వీళ్ళలో ఎక్కువమందికి నెలజీతం లేదు. పని ఉన్న రోజే డబ్బు. మిరపకాయలు కోసినట్లే, రోజు కూలి.

2025 ఆగస్టులో తెలుగు సినిమా కార్మికులు కూలి పెంచమని పనులు ఆపేశారు. నూటికి 30 పెంచమని అడిగారు. షూటింగులు రెండు వారాలకు పైగా ఆగిపోయాయి. చివరికి మూడేళ్ళలో 22.5 శాతం పెంచేటట్లు ఒప్పందం కుదిరింది. పెద్ద హీరోలకు కోట్లు ఇచ్చే చోటనే రోజుకూలి కోసం సమ్మె చేయాల్సి వచ్చింది. దీన్నిబట్టి ఏం తెలుస్తుంది? ఈ పరిశ్రమలో డబ్బు తగ్గినప్పుడు ముందుగా కోత పడేది కింది మనిషి కూలికే. పై మనిషి పారితోషికానికి కాదు.

టిక్కెట్టు డబ్బు ఎక్కడికి పోతుంది?

మీరు టిక్కెట్టుకు నూరు రూపాయలు ఇచ్చారనుకోండి. అది ఎట్లా ప్రయాణం చేస్తుందో చూడండి.

అందులోంచి ముందు ప్రభుత్వానికి పన్ను పోతుంది. నూరు రూపాయల దాకా ఉన్న టిక్కెట్టు మీద జీఎస్టీ 2025 సెప్టెంబరు 22 నుంచి 5 శాతం. అంతకుముందు 12 శాతం ఉండేది. నూరు దాటితే 18 శాతం. తర్వాత థియేటరు వాటా. ఆ వాటాలోంచే గేటు దగ్గర మనిషికి, బొమ్మ వేసే ఆపరేటరుకు, ఊడ్చే ఆమెకు జీతం ఇవ్వాలి. కరెంటు బిల్లు కట్టాలి. మిగిలింది డిస్ట్రిబ్యూటరుకు పోతుంది. నైజాం, సీడెడ్, గుంటూరు, నెల్లూరు అని ఏరియాలవారీగా సినిమాను కొనేవాళ్ళే డిస్ట్రిబ్యూటర్లు. వాళ్ళ నుంచి నిర్మాతకు పోతుంది. నిర్మాత ఫైనాన్సు తెచ్చి సినిమా తీస్తాడు. ముందు ఆ అప్పు, వడ్డీ తీర్చాలి. ఏమైనా మిగిలితే ఇంకో సినిమా మొదలుపెడతాడు. అప్పుడు మళ్ళీ లైటు మోసేవాడికి పని దొరుకుతుంది. జుట్టు ముడివేసే ఆమెకు పని దొరుకుతుంది.

గుంటూరు మిరప యార్డులో టిక్కీ అమ్ముడుపోతేనే కదా ఇక్కడ అప్పు తీరేది, కూలి ఇచ్చేది, వచ్చే ఏడు నారు పోసేది! సినిమాకు టిక్కెట్టే ఆ యార్డు.

"సినిమా అక్కడే ఉంది కదా, పోయిందేముంది?"

కొందరు ఇట్లా అడుగుతారు. కళ్ళంలో ఆరబోసిన మిరపకాయలు దొంగ ఎత్తుకుపోతే, రైతుకు కాయలు ఉండవు. సినిమాను కాపీ చేస్తే సినిమా సినిమాలాగే ఉంది కదా! ఇది మంచి ప్రశ్న. దీనికి జవాబు చెప్పాలి.

ఆర్టీసీ బస్సును తీసుకోండి. బస్సులో సీట్లు ఖాళీగా ఉన్నాయి. ఒక మనిషి టిక్కెట్టు లేకుండా ఎక్కాడు. "బస్సు ఎట్లాగూ పోతుంది. ఖాళీ సీట్లో కూర్చుంటే ఎవరికి నష్టం?" అన్నాడు. నిజమే, ఆ ఒక్కరోజుకు బస్సు ఆగిపోదు. అందరూ అదే మాట అంటే? డీజిలు ఖర్చు రాదు. నాలుగు నెలలకు ఆ ఊరి ట్రిప్పు ఎత్తేస్తారు. అప్పుడు టిక్కెట్టు కొనేవాళ్ళు కూడా నడిచే పోవాలి.

"ఇప్పుడు ఆడవాళ్ళకు బస్సు ఊరికే కదా?" అని మీరు నవ్వవచ్చు. 2025 ఆగస్టు 15 నుంచి మన రాష్ట్రంలో స్త్రీశక్తి పథకం వచ్చింది. కానీ ఆ బస్సు నిజంగా ఊరికే తిరుగుతోందా? లేదు. ఆ ఖర్చు ప్రభుత్వం భరిస్తోంది. అంటే అందరి పన్నుల డబ్బే. టీవీలో వచ్చే సినిమా కూడా అంతే. టీవీ కంపెనీ డబ్బిచ్చి సినిమాను కొంటుంది. మధ్యలో సబ్బుల ప్రకటనలు వేసి ఆ డబ్బు రాబట్టుకుంటుంది. చూసేవాళ్ళు ఇవ్వకపోయినా ఎవరో ఒకరు ఇస్తున్నారు. చేసినవాళ్ళకు అందుతోంది. దొంగ కాపీలో అట్లా ఇచ్చేవాళ్ళు ఎవరూ లేరు. తేడా అక్కడుంది.

జరిగిన కథలు

2013లో అత్తారింటికి దారేది సినిమాకు జరిగింది చాలామందికి గుర్తుండే ఉంటుంది. పవన్ కళ్యాణ్ హీరో. త్రివిక్రమ్ దర్శకుడు. సినిమా తయారైంది. అప్పుడు సమైక్యాంధ్ర ఉద్యమం జరుగుతోంది. అందుకని విడుదల వాయిదా వేస్తూ వచ్చారు. అక్టోబరు 9న విడుదల అనుకున్నారు. సెప్టెంబరు 22న సినిమాలో మొదటి గంటన్నర ఇంటర్నెట్టులోకి వచ్చేసింది. కృష్ణా జిల్లా పెడనలో సీడీలు అమ్మారు. ఇదంతా ఎట్లా జరిగింది? సినిమాకు పనిచేసిన మనిషే ఒకడు డీవీడీ తీసి తెలిసినవాడికి ఇచ్చాడనీ, అది చేతులు మారుతూ పోయి బజారుకెక్కిందనీ పోలీసులు చెప్పారు. "నీ ఒక్కడికే ఇస్తున్నా, ఎవరికీ ఇవ్వకు" అనే మాట ఎంతదూరం పోతుందో చూడండి! నిర్మాత ఆదరాబాదరాగా సెప్టెంబరు 27నే సినిమా విడుదల చేశారు.

2017లో బాహుబలి రెండో భాగానికి ఇంకో రకంగా జరిగింది. కొందరు దొంగ కాపీ చేతిలో పెట్టుకుని, డబ్బు ఇస్తారా, ఇంటర్నెట్టులో పెట్టమంటారా అని సినిమావాళ్ళనే బెదిరించారు. హైదరాబాదు పోలీసులు వాళ్ళను పట్టుకున్నారు. ఆ కాపీ ఎక్కడిది? బీహారులో బెగుసరాయ్ అనే ఊరి థియేటరుది. ఎట్లా తెలిసింది? ఒక్కో థియేటరుకు పంపే బొమ్మలో కంటికి కనపడని గుర్తు దాచి ఉంచుతారు. గొర్రెలకు చెవి మీద గుర్తు వేసినట్లు. ఆ గుర్తే దొంగ ఇల్లు చూపించింది.

2018లో గీత గోవిందం సినిమా సీన్లు విడుదలకు ముందే బయటికి వచ్చాయి. గుంటూరు పోలీసులు కొందరిని అరెస్టు చేశారు. వాళ్ళలో కాలేజీలో చదివే కుర్రాళ్ళు కూడా ఉన్నారు. వాళ్ళు పుట్టుదొంగలా? కాదు. స్నేహితులకు చూపించి గొప్ప చెప్పుకోవాలనుకునే వయసు. ఆ గొప్ప పోలీసు స్టేషను దాకా తీసుకుపోయింది. కాలేజీకి పంపి చదివించుకునే తల్లులు ఈ సంగతి గుర్తుపెట్టుకోవాలి.

2025 ఫిబ్రవరిలో తండేల్ అనే సినిమా వచ్చింది. పాకిస్తాను వాళ్ళకు చిక్కి జైల్లో మగ్గిన శ్రీకాకుళం మత్స్యకారుల సంగతి ఆధారంగా తీసిన కథ. విడుదలై వారం తిరగలేదు, పలాస నుంచి విజయవాడ వచ్చే ఆర్టీసీ బస్సులో దాని దొంగ కాపీ వేశారు. పలాస శ్రీకాకుళం జిల్లాలోదే. ఆ జిల్లా కష్టాన్ని తెరకెక్కించిన సినిమాను ఆ జిల్లా బస్సులోనే దొంగచాటుగా ఆడించారు! నిర్మాతలు ఫిర్యాదు చేశారు. ఆర్టీసీ ఛైర్మను విచారణకు ఆదేశించారు.

పెద్దవాళ్ళకు కాదు దెబ్బ, చిన్నవాళ్ళకు

ఇక్కడ ఇంకో మాట వస్తుంది. "అత్తారింటికి దారేది దొంగ కాపీ వచ్చినా బాగా ఆడింది కదా! కోట్లు వచ్చాయి కదా! మరి నష్టం ఎక్కడ?"

నిజమే. ఆ సినిమా బాగా ఆడింది. పెద్ద హీరో, పేరున్న దర్శకుడు. అభిమానులు పంతం పట్టి థియేటర్లకు పోయారు. పెద్ద చెట్టు గాలివానకు తట్టుకుంటుంది. పక్కనున్న నారుమడి సంగతేంది?

చిన్న సినిమాకు అభిమాన సంఘాలు ఉండవు. పెద్ద పెద్ద పోస్టర్లు ఉండవు. కొత్త దర్శకుడు, కొత్త నటులు. మొదటి రెండు రోజులు జనం పలచగా వస్తారు. చూసినవాళ్ళు "బాగుంది" అని నలుగురికి చెబితే, ఆ నోటిమాట మీద మూడో రోజు నుంచి జనం పెరగాలి. సరిగ్గా ఆ మూడో రోజుకు బొమ్మ ఫోన్లోకి వచ్చేస్తుంది. "బాగుందట" అన్నవాళ్ళు హాలుకు పోరు. ఫోన్లో చూసేస్తారు. మెచ్చుకుంటారు కూడా! కానీ ఆ మెప్పుతో అప్పు తీరదు. రెండో వారానికి హాల్లోంచి సినిమా తీసేస్తారు. ఆ నిర్మాత ఇంకో సినిమా తీయడు.

ఆలోచించండి. ఆడవాళ్ళ కష్టం గురించి, రైతు గురించి, కూలివాళ్ళ బతుకు గురించి చెప్పే కథలు ఎక్కువగా ఎవరు తీస్తారు? కొట్లాటల సినిమాలకు వందల కోట్లు పెట్టేవాళ్ళు అరుదుగా తీస్తారు. చిన్న డబ్బుతో సినిమా తీసేవాళ్ళే ధైర్యం చేస్తారు. దొంగ కాపీ ముందుగా చంపేది వాళ్ళనే. తర్వాత మనమే "ఈ కాలంలో అన్నీ నరుక్కోవడం సినిమాలే" అని విసుక్కుంటాం.

థియేటర్ల సంగతి కూడా చూడండి. మన చిన్న పట్నాల్లో ఎన్నో సినిమా హాళ్ళు మూతపడ్డాయి. కొన్ని కళ్యాణ మండపాలు అయ్యాయి. కొన్ని గోడౌన్లు అయ్యాయి. దీనికి పైరసీ ఒక్కటే కారణం అంటే అబద్ధం అవుతుంది. టీవీలు వచ్చాయి, ఫోన్లు వచ్చాయి, స్థలాల ధరలు పెరిగాయి. కానీ కుంటుతున్న ఎద్దు మీద ఇంకో బస్తా వేసినట్లు, దొంగ కాపీ కూడా తోడైంది. హాలు మూతపడితే గేటు మనిషి పని పోయింది. సైకిలు స్టాండు పోయింది. ఎదురుగా పల్లీలు, మిర్చిబజ్జీలు అమ్ముకునే ఆమె బేరం పోయింది.

దేశం మొత్తం మీద ఈ దొంగ వ్యాపారం ఎంత? ఈవై అనే సంస్థ, ఇంటర్నెట్టు కంపెనీల సంఘం కలిసి 2024లో ఒక నివేదిక ఇచ్చాయి. 2023వ సంవత్సరంలో దీని విలువ 22,400 కోట్ల రూపాయలని అంచనా వేశాయి. అందులో థియేటర్ల సినిమాల వంతు 13,700 కోట్లు. సినిమాలు, కార్యక్రమాలు చూసేవాళ్ళు నూటికి 51 మంది ఏదో ఒక దొంగదారిలో చూస్తున్నారట. ఇది అంచనా మాత్రమే. దొంగ కాపీ చూసిన ప్రతి మనిషీ టిక్కెట్టు కొనేవాడని కాదు. పదిమందిలో ఇద్దరు కొనేవాళ్ళయినా, ఆ ఇద్దరి డబ్బూ పోయినట్లే కదా!

ఊరికే ఇచ్చేవాడు ఎందుకు ఇస్తున్నాడు?

ఇది అన్నిటికంటే ముఖ్యమైన ప్రశ్న. ఒకడు కష్టపడి సినిమా దొంగిలించాడు. పోలీసులకు భయపడుతూ దాన్ని ఇంటర్నెట్టులో పెట్టాడు. మన దగ్గర పైసా అడగలేదు. అంత ధర్మాత్ముడా వాడు?

ఐబొమ్మ పేరు మీ పిల్లలకు తెలిసే ఉంటుంది. తెలుగు సినిమాలు దొంగచాటుగా చూపించిన సైటు. 2025 నవంబరులో దాన్ని నడిపాడన్న ఆరోపణ మీద ఒకతన్ని హైదరాబాదు పోలీసులు అరెస్టు చేశారు. సుమారు 3 కోట్ల రూపాయలు స్వాధీనం చేసుకున్నామని చెప్పారు. నేరం తేల్చవలసింది కోర్టు. కానీ పోలీసులు చెప్పిన ఒక మాట వినండి. సినిమా కోసం వచ్చినవాళ్ళను బెట్టింగు యాప్‌ల వైపు మళ్ళించారట. బెట్టింగు అంటే జూదం. పేకాట క్లబ్బు ఊరి బయట ఉండేది. ఇప్పుడు అది సినిమా పక్కనే, పిల్లవాడి ఫోన్లోనే ఉంది. వందతో మొదలై అప్పుల్లో పడి ప్రాణాలు తీసుకున్న కుర్రాళ్ళ వార్తలు పత్రికల్లో చదువుతూనే ఉన్నారు.

ఇంకో ప్రమాదం కూడా ఉంది. ఇట్లాంటి చోట "ఇది నొక్కితే సినిమా వస్తుంది", "ఈ యాప్ వేసుకోండి" అని వస్తుంది. నొక్కితే సినిమాతోపాటు దొంగ ప్రోగ్రాము ఫోన్లోకి దిగవచ్చు. అదే ఫోన్లో మీ బ్యాంకు ఖాతా ఉంది. పొదుపు సంఘం డబ్బు ఉంది. ఓటీపీలు వచ్చేదీ అందులోకే. ఎలుకను పట్టే బోనులో కూడా కొబ్బరిముక్క ఊరికే పెడతారు. ఎలుక మీద ప్రేమతోనా?

ఫోను వల్ల డబ్బు పోయిందని తెలిస్తే సిగ్గుపడి దాచిపెట్టకండి. వెంటనే 1930 నంబరుకు ఫోను చేయండి. ఎంత త్వరగా చెబితే డబ్బు ఆపడానికి అంత వీలుంటుంది. ఈ నంబరు ఇంట్లో గోడ మీద మీ చేత్తోనే పెద్దగా రాసి పెట్టుకోండి.

చట్టం ఏమంటుంది?

2023లో సినిమాల చట్టాన్ని సవరించారు. థియేటర్లో సినిమాను అనుమతి లేకుండా రికార్డు చేసినా, ఆ దొంగ కాపీని లాభం కోసం నలుగురికీ చూపించినా నేరం. తక్కువలో తక్కువ మూడు నెలల జైలు. మూడేళ్ళ దాకా పడవచ్చు. జరిమానా మూడు లక్షల రూపాయలకు తగ్గదు. సినిమా తీయడానికి అయిన ఖర్చులో 5 శాతం దాకా వేయవచ్చు. అంటే పెద్ద సినిమా అయితే కోట్లలో! చేను అమ్మినా తీరే మాట కాదు. "సరదాకు తీశాను సార్" అన్నంత మాత్రాన వదలరు.

"టిక్కెట్టు కొనే స్తోమత లేదమ్మా!"

ఈ మాటలో న్యాయం ఉంది. దీన్ని కొట్టిపారేయకూడదు. నలుగురున్న కుటుంబం సినిమాకు పోవాలంటే టిక్కెట్లు, ఆటో, పిల్లలకు తినుబండారం, అన్నీ కలిపి ఒక రోజు కూలి సరిపోదు. పెద్ద సినిమాలకు మొదటి రోజుల్లో టిక్కెట్టు ధర పెంచుకోవడానికి ప్రభుత్వాల అనుమతి కూడా తెచ్చుకుంటున్నారు. అది పేదవాళ్ళకు భారమే. ధర తగ్గించమని అడగాలి. గట్టిగానే అడగాలి.

కానీ ధర ఎక్కువగా ఉందని దొంగసరుకు కొంటే ఆ కోపం ఎవరికి తగులుతుంది? ధర పెంచినవాడికి కాదు. లైటు మోసేవాడికి తగులుతుంది. బియ్యం ధర పెరిగిందని పక్కింటి గాదెలో చేయి పెట్టం కదా!

మరి పేదవాళ్ళు సినిమా చూడకూడదా? చూడాలి. దారులు ఉన్నాయి. మొదటి వారం ధర పెంచిన సినిమాకు తర్వాత ధర తగ్గుతుంది. అప్పుడు పోవచ్చు. కొన్ని వారాలు ఆగితే ఓటీటీలో వస్తుంది. ఇంకొన్నాళ్ళు ఆగితే టీవీలో వస్తుంది. పాత సినిమాలను హక్కులున్న కంపెనీలే యూట్యూబులో పెడుతున్నాయి. వాటిని ఊరికే చూడవచ్చు. అది న్యాయమైన ఊరికే. మామిడికాయ పండేదాకా ఆగే ఓపిక ఆడవాళ్ళకు ఒకరు నేర్పాలా?

ఏం చేయగలం?

ఇది పోలీసుల పని, సినిమావాళ్ళ పని అని ఊరుకోకండి. పోలీసులు ఒక సైటు మూస్తే ఇంకొకటి తెరుచుకుంటుంది. కొనేవాడు ఉన్నంతకాలం దొంగసరుకు ఆగదు. సారా అంగళ్ళు ఎట్లా మూతపడ్డాయి? పక్కనున్న నెల్లూరు జిల్లాలో, దూబగుంటలో, చదువు నేర్చుకున్న ఆడవాళ్ళు 1990ల మొదట్లో "మా ఊళ్ళో వద్దు" అన్నారు. ఆ మాట రాష్ట్రమంతా పాకింది. దాంతో పోలిస్తే ఇది చిన్న పని.

ఇంట్లో కొడుకుతో, కూతురితో కోప్పడకుండా మాట్లాడండి. "ఈ బొమ్మ ఎక్కడి నుంచి వచ్చింది?" అని అడగండి. దొంగ కాపీ లింకు ఎవరైనా మీకు పంపితే ఇంకొకరికి పంపకండి. మీ దగ్గరే ఆపేయండి. ఊళ్ళో కేబుల్ టీవీలో కొత్త సినిమా వేస్తే "ఇది న్యాయం కాదు, అబ్బాయీ" అని చెప్పండి. సంఘం సమావేశంలో ఒక్క పది నిమిషాలు దీని గురించి మాట్లాడుకోండి.

కూలి విలువ తెలిసినవాళ్ళు మీరు. నడుం విరిగేటట్లు రోజంతా మిరపకాయలు కోసి, సాయంత్రం కూలి లెక్కలో పది రూపాయలు తగ్గితే నిలదీసి అడిగేవాళ్ళు. అడగడం మీ హక్కు. ఆ తెర వెనక కూడా మీలాంటి ఆడవాళ్ళే ఉన్నారు. వాళ్ళు మిమ్మల్ని చూడలేదు. మీరు వాళ్ళను చూడలేదు. అయినా వాళ్ళ కూలి సగం మీ చేతిలో ఉంది. ఒకరి కూలి ఎగ్గొట్టి నవ్వుకునే నవ్వు మనకు వద్దు.

చదివి చర్చించుకోండి

1. టీవీలో ఊరికే చూసే సినిమాకు, దొంగ కాపీలో ఊరికే చూసే సినిమాకు తేడా ఏమిటి?
2. దొంగ కాపీ వల్ల చిన్న సినిమాకే ఎక్కువ దెబ్బ ఎందుకు తగులుతుంది?
3. మీ ఊళ్ళో పూర్వం సినిమా హాలు గానీ, టూరింగ్ టాకీసు గానీ ఉండేదా? దాని మీద ఎంతమంది బతికేవాళ్ళు? పెద్దవాళ్ళను అడిగి రాయండి.
4. ఫోను వల్ల డబ్బు పోతే ఏ నంబరుకు చెప్పాలి? చూడకుండా రాయండి.